మూడో పట్టీ

ఎండనెల 2

ఈ రోజు అక్క నీడ కొలిచాను. ఐదు వచ్చింది.

పోయిన నెల ఏడు. మామూలు మనుషుల నీడ ఏడు నుంచి పది పట్టీల దాకా ఉంటుంది. నాది పది. నెల రోజుల్లో రెండు పట్టీలు పలచబడటం ఈ పేటలో నేను ఎప్పుడూ చూడలేదు. అందుకని మళ్ళీ మొదటి నుంచి కొలిచాను. పెరట్లో తెల్లబల్ల తుడిచాను. మూడు వైపులా నల్ల తెరలు సరిగ్గా ఉన్నాయో లేదో లాగి చూశాను. పది గంటల ఎండలో అక్కను నిలబెట్టి, బల్ల మీద పడిన నీడ పక్కన పన్నెండు పట్టీలూ ఒక్కొక్కటే పెట్టాను. పన్నెండోది కాటుకలా ఉంటుంది, ఒకటోది ఉందో లేదో తెలియదు. ఐదో పట్టీ నీడలో ఇట్టే కలిసిపోయింది.

అక్క ఒక కాలి మీద బరువేసి నిలబడి, "అయిందా? పొయ్యి మీద జిగురు పెట్టొచ్చాను, మాడిపోతుంది" అంది. గొడుగు గుడ్డలకు వేసే జిగురు.

మా ఇంట్లో ఒక మనిషి తేట కాబోతోంది. ఇలాంటి రోజులు రాసి పెట్టుకోవాలని ఈ పుస్తకం తీశాను. చాలా సంతోషంగా ఉంది.

ఎండనెల 3

చాలా సంతోషంగా ఉంది.

ఎండనెల 5

పక్కింటి రొట్టెల వదినకు తెలిసిపోయింది. ఆవిడకు తెలిస్తే పేటంతటికీ తెలిసినట్టే. వేడి రొట్టె పట్టుకుని వచ్చి గుమ్మంలో నిలబడి, "ఎంత అదృష్టవంతురాలివే! మీ ఆయన తేటయ్యాడు, ఇప్పుడు నువ్వు. మా ఇంట్లో చూడు, ఒక్కొక్కళ్ళ నీడా తారు పూసినట్టుంటుంది" అంది. అక్క రొట్టెను అటూ ఇటూ తిప్పి చూసి, "అడుగు మాడింది" అంది.

ఆవిడ వెళ్ళాక పాఠం పైకి చదివాను. కొలతశాలలో చేరినప్పటి నుంచి రోజూ చదువుతున్నదే. వెలుగు ఎక్కడి నుంచో బయలుదేరి తన ఇంటికి పోతోంది. మనం దాని దారిలో నిలబడ్డాం. నీడ అంటే మన వల్ల వెలుగుకు జరిగిన ఆలస్యం. కోరిక, కోపం, పట్టుదల, ఇవే మనలోని అడ్డు. అడ్డు తగ్గేకొద్దీ నీడ పలచబడుతుంది. అడ్డే లేని మనిషిని వెలుగు తనతో తీసుకుపోతుంది, అదే తేట కావడం.

అక్క గొడుగు పుల్ల వంచుతూ అంతా విని, "ఎక్కడికట దానికంత తొందర? కాసేపు కూర్చుని పోతే దాని సొమ్మేం పోయింది?" అంది.

కొలతగాడి ఇంట్లో అనాల్సిన మాట కాదు. నవ్వొచ్చింది కానీ ఆపుకున్నాను.

ఎండనెల 9

నాలుగు.

అక్క ఒకప్పుడు ఇలా ఉండేది కాదు. అమ్మ పోయాక నన్ను పెంచింది ఈమే. ఎవరైనా గొడుగు విరగ్గొట్టుకుని వస్తే ముందు పది తిట్లు తిట్టి ఆ తర్వాత బాగుచేసేది. వీధిలో కుక్కలు కూడా ఆమె గొంతు విని పక్కకు తప్పుకునేవి. బావ వెళ్ళిన దగ్గర నుంచి ఒక్కొక్క తిట్టే తగ్గుతూ వచ్చింది. ఈ మధ్య కూరలో ఉప్పు లేకపోయినా మాట్లాడకుండా తినేస్తోంది. నిన్న ఒకాయన ఆమె కుట్టిన గొడుగును పట్టుకుని కుట్టు వంకరగా ఉందన్నాడు. "అవును, వంకరే" అని ఊరుకుంది.

మూడుకి దిగితే మా కొలతశాల పెద్దాయన స్వయంగా వచ్చి కొలుస్తారు. ఆయన కొలతలోనూ మూడే వస్తే ఆ రోజే తేటగదికి వెళ్ళాలి. కొలతశాల వెనక ఉంటుంది. గాజు కప్పు, తెల్ల గోడలు, బయట గడియ. రోజుకొక గ్లాసు నీళ్ళు, తిండి ఉండదు. నలభయ్యో రోజున పెద్దాయన ఒక్కరే వెళ్ళి తలుపు తీస్తారు. గది ఖాళీగా ఉంటుంది. నా పదకొండేళ్ళ ఉద్యోగంలో మా పేట నుంచి తొమ్మిది మంది వెళ్ళారు. మొదట వెళ్ళింది బావ. కొలిచింది నేనే. దాని గురించి రాయడానికేమీ లేదు.

భోజనాల దగ్గర అక్క నా కంచంలోకి చూస్తూ, "నాకు అక్కడికి పోవాలని లేదురా" అంది.

వినయం కొద్దీ అలా అంటారు. చాలామంది అంటారు.

ఎండనెల 10

ఎవరూ అనలేదు. మిగతా ఎనిమిది మందిలో ఒక్కరూ అలా అనలేదు. అందరూ నవ్వుతూ వెళ్ళారు.

ఎండనెల 12

ఈ రోజు ఒక వింత జరిగింది.

పొద్దున్నే అక్క చిన్న పటకారు కనబడలేదు. గొడుగు పుల్లల చివర్లు మడిచేది, బావ చేయించి ఇచ్చినది. తెరల మేకు పీకడానికి నేనే తీసుకుని ఎక్కడో పెట్టి మరచిపోయాను. ఆ సంగతి తెలియగానే అక్క అంతెత్తున లేచింది. "నీకు బుద్ధుందా? నా సామాన్ల జోలికి రావద్దని ఎన్నిసార్లు చెప్పాలి? కొలబద్దా అని ఊరికే అన్నారా నిన్ను, బద్దకున్నంత తెలివి కూడా లేదు!" ఎన్నాళ్ళయిందో ఆ గొంతు విని. నేను తలొంచుకుని అరగంట తిట్లు తిన్నాను.

ఆ తర్వాత కొలిస్తే ఆరు.

తెరలు చూశాను. బల్ల చూశాను. ఆరే. సాయంత్రానికి మళ్ళీ నాలుగుకు దిగింది. కోపం అడ్డని పాఠంలో ఉన్నదే కదా, ఇందులో వింతేముంది?

పటకారు నా చొక్కా జేబులోనే ఉంది. ఇంకా ఇవ్వలేదు.

ఎండనెల 13

కూరలో కావాలని రెండుసార్లు ఉప్పు వేశాను. ఐదు.

ఎండనెల 14

"ఈ గొడుగు ఎవరు కుట్టారు, గుడ్డివాళ్ళా?" అన్నాను. ఐదు.

ఎండనెల 16

ఆమె ఆరేసిన గుడ్డల మీద కాలుపెట్టి నడిచాను. "పెళ్ళి కాని మగాణ్ణి ఇంట్లో పెట్టుకుంటే ఇంతే" అని పాత రాగం అందుకుంది. దానికి నేను, "నీ నోటికి భయపడే నాకు ఎవరూ పిల్లనివ్వలేదు" అన్నాను. మంచి గొడవ. ఐదు దాటి ఆరుకు దగ్గరగా వచ్చింది. గొడవ అయ్యాక ఇద్దరం హాయిగా తిన్నాం.

నేను తప్పేమీ చెయ్యడం లేదు. ఇంట్లో అక్కాతమ్ముళ్ళు పోట్లాడుకోకూడదని ఏ నిబంధనలోనూ లేదు.

ఎండనెల 19

ఉప్పుకు అలవాటు పడింది. తడిగుడ్డల మీద నడిస్తే తలెత్తి కూడా చూడలేదు. ఆమె ఇష్టంగా దాచుకున్న పింగాణీ గిన్నె చెయ్యి జారినట్టు పగలగొట్టాను. ముక్కలు ఏరుతూ, "కాల్లో గుచ్చుకుంటాయి, చెప్పులేసుకో" అంది.

నాలుగు. నాలుగు కంటే పలచనే. కొలత కాగితంలో సగాలు ఉండవు. నాలుగు వేశాను.

ఎండనెల 21

అక్కను గొడుగు లేకుండా వీధిలోకి రానివ్వడం లేదు. నేనే పట్టుకుని పక్కన నడుస్తున్నాను. వాన లేనప్పుడు గొడుగేమిటని రొట్టెల వదిన కళ్ళు చికిలించి చూసింది. వెలుగు దారికి గొడుగు అడ్డం పట్టడం కొలతగాడు చెయ్యాల్సిన పనేనా అని అడిగింది కూడా. కొత్త కుట్టు గట్టిగా ఉందో లేదో చూస్తున్నామని చెప్పాను.

"అబద్ధం బాగా చెప్తావురా" అంది అక్క, ఇంటికొచ్చాక. మెచ్చుకుందో తిట్టిందో తెలియలేదు.

ఎండనెల 24

దొరికిపోయాను.

ఈ రోజు ఆమె కుట్టిన గొడుగు గుడ్డను వెనక నుంచి కత్తెరతో చీరుతుంటే చూసింది. చాలాసేపు కత్తెరను, నన్ను మార్చి మార్చి చూసింది. "కావాలనే ఏడిపిస్తున్నావు కదూ? ఇన్నాళ్ళూ ఉప్పు, గిన్నె, పటకారు, అంతా కావాలనే!" అంది. జేబులోంచి పటకారు తీసి బల్ల మీద పెట్టాను.

అక్క నవ్వడం మొదలుపెట్టింది. కళ్ళ నీళ్ళు వచ్చేదాకా నవ్వింది. నా తల మీద మొట్టికాయ వేసి, "పిచ్చి సన్నాసీ, నలభై ఏళ్ళొచ్చినా నీకు గొడవ పెట్టుకోవడం చేతకాలేదు. నేను నేర్పాల్సింది" అంది. చిన్నప్పుడు జ్వరమొస్తే చేసినట్టు నా జుట్టు వెనక్కి దువ్వింది. ఆమె ముఖంలో అంత నెమ్మది పదకొండేళ్ళలో చూడలేదు.

ఆ నవ్వుతోనే ఎండలోకి వెళ్ళి జిగురు గిన్నె తీసుకుంది. ఆమె కాళ్ళ దగ్గర నేల మీద గడ్డిపరకలు నీడలో కూడా స్పష్టంగా కనిపించాయి.

కొలవక తప్పలేదు. మూడు. కాగితం మీద నాలుగు వేశాను. సగాలు లేకపోవడం వల్ల కాదు. మూడు వచ్చింది, నాలుగు వేశాను.

ఎండనెల 25

పెద్దాయన కబురు పంపారు. రొట్టెల వదిన కొలతశాల ముందు నుంచి వెళ్తూ ఆయనను పలకరించి, మా అక్క నీడలో చీమలు కనిపిస్తున్నాయని గొప్పగా చెప్పిందట. ఆవిడ మంచిదే. మేం సిగ్గుపడి చెప్పడం లేదనుకుంది.

ముప్పయ్యో తేదీ పది గంటలకు వస్తారు. బల్ల, పట్టీలు, తెరలు అన్నీ ఆయనవే తెచ్చుకుంటారట.

ఎండనెల 27

ఈ రోజు ఇద్దరం వంటింట్లో ఎదురెదురుగా కూర్చుని కోపం తెచ్చుకునే పని పెట్టుకున్నాం. అక్కే అంది, "రా, నాకు ఎవరి మీద కోపముందో వెతుకుదాం" అని. భయంగా ఉందని నోటితో చెప్పలేదు కానీ పొయ్యి ఆరిందో లేదో మూడుసార్లు లేచి చూసింది. భయం నీడను చిక్కబరచదు. అది మాత్రం నేను ఈ ఉద్యోగంలో నేర్చుకున్నాను.

రొట్టెల వదినతో మొదలుపెట్టాం. "దానికి నోరు ఆగదు, అంతే, పాపం" అంది. గొడుగు బాగుచేయించుకుని డబ్బులివ్వకుండా పోయినవాళ్ళ సంగతి ఎత్తాను. "వానకు తడిసి ఉంటార్లే" అంది. చిన్నప్పుడు ఆమెను బడి మానిపించిన నాన్నను తలుచుకోమన్నాను. నాన్న దగ్గు గుర్తొచ్చి జాలిపడింది. నేను ఆమె పుట్టినరోజున చేసిన గొడవలన్నీ వరసపెట్టి చెప్పాను. వాటికి నవ్వింది. నవ్వొద్దని బతిమాలాను.

చివరకు బల్ల మీద చేతులు బారజాపి అంది. "మీ బావ మీద కోపం తెచ్చుకుందామని చాలా చూశాన్రా. నన్ను వదిలేసి ఎలా తేటయ్యాడు అని. ముందు రోజు దాకా నాతో పోట్లాడిన మనిషి. కొత్త దుకాణానికి బోర్డు ఏ రంగు వెయ్యాలని పోట్లాట. ఆకుపచ్చ కావాలని అన్నం మానేసి కూర్చున్నాడు. అంత పట్టుదల ఉన్న మనిషికి మూడు ఎలా వచ్చిందిరా? నాకు తెలియకుండా లోపల ఎప్పుడు అన్నీ వదిలేశాడు? నన్ను కూడా వదిలేశాడనే కదా అర్థం. అది ఒప్పుకున్నాక ఇంక నాకు దేనిమీదా కోపం రావడం లేదు."

నా వైపు తిరిగి, "ఎవరి మీద కోపం రావాలో నువ్వు చెప్పరా. నువ్వు చదువుకున్నవాడివి" అంది.

బయట వాన మొదలైంది. లేచి వెళ్ళి కిటికీ మూశాను.

ఎండనెల 28

బోర్డు సంగతి నాకు తెలియదు. ఆకుపచ్చ రంగు సంగతి నాకెవరూ చెప్పలేదు.

ఎండనెల 29

అక్క తన సామాన్లన్నీ తుడిచి వరసగా పెట్టింది. ఏ గొడుగు ఎవరిదో కాగితం ముక్కల మీద రాసి కట్టింది. "నీకు వంట రాదు, రొట్టెల వదినతో మాట్లాడాను, పూటకింత పెడుతుంది" అంది.

నాకు ఒకటే దారి ఉంది. ఇంకేదైనా దొరుకుతుందేమోనని రోజంతా చూశాను.

ఎండనెల 30

అంతా వరసగా రాస్తాను.

పెద్దాయన పది గంటలకు వచ్చారు. సంచీలోంచి తన తెరలు తీసి తనే కట్టుకున్నారు. డెబ్బై ఏళ్ళ మనిషి, చేతులు వణకవు. ఆయన కొలతంటే నాకు ఇప్పటికీ గౌరవమే. గోడ మీంచి రొట్టెల వదిన, ఆవిడ అత్తగారు చూస్తున్నారు. అక్క ఉతికిన బట్టలు కట్టుకుని బల్ల ముందు నిలబడింది. నీడ పడిందో లేదో అన్నట్టు పడింది.

మూడుసార్లు కొలవాలి. మొదటిసారి మూడో పట్టీ పెట్టారు. నీడలో కలిసిపోయి అంచు కూడా కనబడలేదు. "మూడు" అన్నారు. కాసేపు ఆగి రెండోసారి. "మూడు."

నేను నోటికొచ్చినట్టు మాట్లాడాను. వంకర కుట్టన్నాను, గయ్యాళన్నాను. అమ్మను కూడా తిట్టాను. పెద్దాయన కనుబొమలు ముడిచారు. అక్క నా వైపు చూసి నవ్వి, "చాల్లేరా, అలిసిపోయావు" అంది. తర్వాత పెద్దాయన వైపు తిరిగింది. "పెద్దయ్యా, గది తలుపు బయట నుంచి వెయ్యకుండా ఉంచకూడదా? నేనెక్కడికీ పోను" అని అడిగింది. ఆయన మెత్తగా, "అలవాటైపోతుందమ్మా" అన్నారు.

మూడోసారి పట్టీ పెట్టారు.

"అక్కా, బావ నీడ మూడు కాదు" అన్నాను.

ఆమెకు వెంటనే అర్థం కాలేదు. "ఏంటి?" అంది.

ఆగితే మళ్ళీ చెప్పలేనని ఒక్క గుక్కలో చెప్పాను. "ఆ రోజు పడమటి తెర కట్టలేదు. ముందు రోజు వానకు తడిసింది, ఆరలేదు. ఒక్క తెర లేకపోతే ఏమవుతుందిలే అనుకున్నాను. పక్కింటి గోడకు అప్పుడే కొత్తగా సున్నం వేశారు. ఆ గోడ మీది వెలుగంతా వచ్చి బావ నీడలో పడింది. పలచగా కనిపించింది. కొత్త ఉద్యోగం, మొదటి మూడు నాదే అని పొంగిపోయి రాసిచ్చాను. అప్పట్లో పెద్దాయన వచ్చి మళ్ళీ కొలిచే నిబంధన లేదు, నా మాట మీదే తీసుకెళ్ళారు. తర్వాత అదే చోట పడమటి తెర లేకుండా నా నీడ చూసుకుంటే ఆరొచ్చింది. నాది పది. బావది మూడు కాదక్కా, ఏడు. మామూలు మనిషి."

"ఎప్పుడు చూసుకున్నావు?"

"పన్నెండో రోజున."

"ఎప్పటికి పన్నెండో రోజు?"

"బావ గదిలోకి వెళ్ళిన పన్నెండో రోజు."

అక్క కేకలు వెయ్యలేదు. ఆమె పెదవులు కదులుతున్నాయి. నలభైలోంచి పన్నెండు తీసేస్తోందని నాకు తెలుస్తూనే ఉంది. "ఇరవై ఎనిమిది" అంది. "ఇరవై ఎనిమిది రోజులు నా చేతి వంట తిన్నావు. ఎదురుగా కూర్చుని తిన్నావు."

"ఉద్యోగం పోతుందని భయపడ్డాను. తర్వాత గది ఖాళీ అన్నారు, అయితే తేటయ్యాడేలే అనుకున్నాను."

అప్పుడు బల్ల వైపు చూశాను. పెద్దాయనా చూస్తున్నారు. మూడో పట్టీ నీడ మధ్యలో సున్నం గీతలా తెల్లగా తేలింది. చూస్తుండగానే దాని చుట్టూ నీడ ఇంకా ఇంకా నల్లబడింది. గోడ మీద రొట్టెల వదిన "అమ్మో" అంది. పెద్దాయన ఒక్కొక్క పట్టీ పక్కన పెడుతూ వెళ్ళి చివరకు పదకొండు దగ్గర ఆగారు. కాగితం మీద వేశారు. తెరలు విప్పి మడత పెట్టుకుంటూ నాతో, "రేపటి నుంచి నువ్వు రావద్దు" అన్నారు. గుమ్మం దాకా వెళ్ళి వెనక్కి తిరిగి, "ఆ నలభయ్యో రోజున గది ఖాళీగానే ఉంది" అన్నారు.

ఆయన్ని ఆ మాట ఎవరూ అడగలేదు.

అక్క నా మీద చెయ్యి కూడా ఎత్తలేదు. ఎత్తుతుందని నిలబడ్డాను. తన సామాన్ల పెట్టె తీసుకుని వీధి దాటి తన గొడుగుల దుకాణంలోకి వెళ్ళిపోయింది. వీధంతా ఆమె నీడ ఆమె వెంట వెళ్ళింది.

అక్క ఉంది. తేటగదికి వెళ్ళలేదు. నాకు కావాల్సింది అదే కదా. ఏడుపెందుకు వస్తోందో తెలియడం లేదు.

మబ్బునెల 1

అక్క దుకాణంలోనే పడుకుంటోంది. వెనక చిన్న గది ఉంది. అక్కడే పొయ్యి వేసుకుంది.

మబ్బునెల 3

ఒక ముసలాయన వచ్చాడు. ఆరేళ్ళ కిందట ఆయన కూతురి నీడ నేనే కొలిచాను. గుమ్మంలోంచే, "ఆ రోజు తెరలన్నీ కట్టారా బాబూ?" అన్నాడు. కట్టామని చెప్పాను. "పడమటిదీ?" అన్నాడు. కట్టామన్నాను. నమస్కారం పెట్టి వెళ్ళాడు.

మబ్బునెల 4

ఇంకో ఇద్దరు వచ్చారు. కట్టామని చెప్పాను. బావ తర్వాత నేను తెరలు కట్టకుండా ఎవర్నీ కొలవలేదు. ఎనిమిది మందికీ కట్టాను.

మబ్బునెల 5

కట్టాననే అనుకుంటున్నాను.

మబ్బునెల 8

అక్క వచ్చింది. సంతోషంతో లేచి నిలబడ్డాను. నా ముఖం చూడకుండా అలమరలోంచి తన దుప్పటి తీసుకుంది. వెళ్ళబోతూ ఆగి, గోడతో మాట్లాడుతున్నట్టు అడిగింది. "తెలిసిన రోజున నువ్వు ఆ గది దగ్గరికి వెళ్ళావా?"

"లేదు" అన్నాను.

"ఒక్కసారి కూడా?"

"వెళ్ళలేదక్కా."

తలూపి వెళ్ళిపోయింది.

మబ్బునెల 9

వెళ్ళలేదని చెప్పాను.

మబ్బునెల 11

ఈ రోజు పొద్దున్నే మబ్బు విడిచి ఎండ వచ్చింది. దుకాణానికి వెళ్ళాను. అక్క గుమ్మంలో కూర్చుని గొడుగు పుల్లలు విడదీస్తోంది. నన్ను చూసి లేచి లోపలికి వెళ్ళబోయింది. "వెళ్ళాను" అన్నాను. అక్కడే ఆగిపోయింది.

చెప్పాను. ఈ పుస్తకంలో కూడా రాయకుండా దాచుకున్నదంతా చెప్పాను. పన్నెండో రోజు పొద్దున కొలతశాల వెనక్కి వెళ్ళాను. తలుపు తీద్దామనే వెళ్ళాను. గడియ మీద చెయ్యి కూడా వేశాను. లోపల నుంచి బావ, "కొలబద్దా, నువ్వేనా? నీ చెప్పుల చప్పుడేరా అది. తలుపు తియ్యి, ఏదో పొరపాటు జరిగింది. నాకు ఆకలేస్తోంది. ఇక్కడికి వచ్చినవాళ్ళకి ఆకలెయ్యదన్నారు కదా?" అన్నాడు. నేను ఊపిరి బిగబట్టాను. నా వెనక ఎండ ఉంది. తలుపు కింది సందులోంచి నా నీడ లోపలికి పడుతోంది. అది చూసే బావ మాట్లాడుతున్నాడని అప్పుడు తెలిసింది. రెండడుగులు వెనక్కి వేశాను.

అక్క వెనక్కి వచ్చి గుమ్మంలో కూర్చుంది. ఆ తర్వాత, "గొంతు ఎలా ఉంది?" అని అడిగింది.

"బొంగురుపోయింది."

"నన్ను అడిగాడా?"

"అడిగాడు. నీడ పోయాక కూడా నేను అక్కడే ఉన్నానని ఆయనకు తెలుసు. 'మీ అక్కతో చెప్పు, బోర్డు దానికి నచ్చిన రంగే వెయ్యమని' అన్నాడు. అప్పుడు నాకు అర్థం కాలేదు. చప్పుడు కాకుండా చెప్పులు విడిచి చేత్తో పట్టుకుని వచ్చేశాను."

పదకొండేళ్ళు ఆ మాట నా దగ్గరే ఉంచుకున్నాను. అది ఆమె మాట.

అక్క పుల్లలన్నీ ఒళ్ళోకి ఏరుకుని లోపలికి వెళ్ళింది. తలుపు వేసింది. గడియ పడిన చప్పుడు వినిపించింది. కాసేపటికి లోపల ఏడుపు మొదలైంది. బావ వెళ్ళినప్పుడు ఏడవని ఏడుపు అది. అప్పుడు తేటవాళ్ళ కోసం ఏడవకూడదని నేనే చెప్పాను.

ఎండ నా వీపు మీద ఉంది. తలుపు కింద నుంచి నా నీడ లోపలికి పడుతూ ఉంటుంది. అక్కకు కనిపిస్తూ ఉంటుంది. వెళ్ళిపొమ్మంటే వెళ్ళిపోదామని నిలబడ్డాను. ఆమె వెళ్ళిపొమ్మనలేదు, తలుపూ తియ్యలేదు. ఎండ తిరిగిపోయేదాకా నేను వెనక్కి అడుగు వెయ్యలేదు.